కలగూరగంపలో మన వాటా ఎంత?

(రాప్తాడులో జరిగిన మహిళల సమావేశంలో చేసిన ప్రసంగానికి ఇది అక్షర రూపం. మాట్లాడిన తీరు చెడకుండా కొద్దిగా కుదించి ఇస్తున్నాం. – సం.)



పొద్దున్నించీ మనం కూలిరేట్ల గురించీ, భూమి పట్టాల గురించీ, బెంగుళూరు వలసల గురించీ మాట్లాడుకున్నాం. అన్నాలు తిన్నాక నేను లేచి టీవీ గురించి మాట్లాడతానంటే వెనక కూచున్న అక్కలు నవ్వుతున్నారు. నవ్వండి, ఫరవాలేదు. టీవీలో ఆడి పాడేవాళ్లది కూడా కూలిపనే. ఆ కూలికి రేటు ఎవరు కట్టారు, ఆ పనికి ఎవరిని రానిచ్చారు, ఎవరిని గడప బయట నిలబెట్టారు అన్నది కూడా హక్కుల ప్రశ్నే. అందుకే ఈ విషయం ఎత్తుకున్నాను.

నేను మొదట టీవీ చూసింది 1980లలో, మా ఊరి పంచాయతీ ఆఫీసు వరండాలో. ఊరి పేరు చెప్పను. ఇక్కడికి ఎంతో దూరం కాదు. సాయంత్రమయ్యేసరికి చెక్కపెట్టె తాళం తీసేవారు. ముందు కుర్చీలు, వాటిలో పెద్ద రైతులు. వాళ్ల కాళ్ల దగ్గర చాపల మీద మగపిల్లలు. ఆ వెనక మగవాళ్లు. ఆడవాళ్లం గోడవారన. దళితవాడ ఆడవాళ్లు ప్రహరీ బయట వేపచెట్టు కింద నిలబడి, మెడలు సాచి చూసేవాళ్లు. ఒకే బొమ్మ, ఒకే పాట. కానీ ఎవరు ఎక్కడ కూచుని చూడాలో టీవీ రాకముందే ఊరు నిర్ణయించి పెట్టింది.

ఆ పెట్టెలో మాకు బాగా నచ్చినవి పండగనాటి కార్యక్రమాలు. అరగంటలోనో గంటలోనో అన్నీ ఉండేవి. ఒకరు వీణ వాయిస్తారు. తరవాత ఒకాయన పదిమంది గొంతులు అనుకరిస్తాడు. ఒక బుర్రకథ ముక్క, ఒక లలితగీతం, నాలుగు నిమిషాల జానపద నృత్యం, చివర ఒక హాస్య నాటిక. ఇంగ్లీషులో దీన్ని వెరైటీ షో అంటారు. మన మాటలో చెప్పాలంటే కలగూరగంప. ఆ గంపలో ఏయే కూర ఉంది, ఏది పైన పెట్టారు, ఏది అడుగున పడేశారు అన్నదే ఈరోజు నా ప్రసంగం.

మొదట ఒక సంగతి గుర్తు చేసుకుందాం. కలగూరగంప టీవీ కనిపెట్టింది కాదు. మన జాతర రాత్రి చూడండి. ఒకవైపు ఉరుములు, ఇంకోవైపు చెక్కభజన. తెల్లవార్లూ తోలుబొమ్మలాట. అందులో రామాయణం నడుస్తూ నడుస్తూ ఉండగానే బంగారక్క, జుట్టుపోలిగాడు వచ్చి నవ్విస్తారు. ఈ ఆటకు పేరుమోసిన నిమ్మలకుంట మన పక్కనే, ధర్మవరం మండలంలోనే ఉంది. ఆ ఊరి కళాకారుడు దళవాయి చలపతిరావు గారికి 2020లో పద్మశ్రీ వచ్చింది. సంతోషం. అయితే ఆ ఆటలో తెర వెనక సీత గొంతూ బంగారక్క గొంతూ ఎవరివి? ఆ కుటుంబాల ఆడవాళ్లవి. చంటిబిడ్డను ఒళ్లో పడుకోబెట్టుకుని తెల్లవార్లూ పాడిన ఆ ఆడవాళ్లలో ఒక్కరి పేరైనా మనలో ఎవరికి తెలుసు?

అమెరికాలో కూడా టీవీ వచ్చిన కొత్తలో ఇంతే జరిగింది. ఊరూరా తిరిగే ఆటల కంపెనీల నుంచి గారడీవాళ్లను, గాయకులను, హాస్యగాళ్లను టీవీలోకి తెచ్చారు. ఎడ్ సల్లివాన్ అనే ఆయన 1948 నుంచి 1971 దాకా ఇలాంటి కార్యక్రమం నడిపాడు. ఒకే రాత్రి ఒపేరా గాయని, కుక్కల ఆట, కొత్త కుర్రకారు పాట అన్నీ ఒకే వేదిక మీద. నల్లజాతి గాయకులు కూడా ఆ వేదిక ఎక్కారు. అందరూ కలిశారు కదా అనిపిస్తుంది. కానీ పక్కనే ఇంకో కథ ఉంది. హేజెల్ స్కాట్ అనే నల్లజాతి స్త్రీ గొప్ప పియానో విద్వాంసురాలు. 1950 జూలైలో అమెరికాలో ఆమె పేరుతోనే ఒక టీవీ కార్యక్రమం మొదలైంది. ఆమెకు కమ్యూనిస్టులతో సంబంధాలున్నాయని ఒక జాబితాలో రాశారు. సెప్టెంబరులో ఆమె తనంతట తానే విచారణ సంఘం ముందుకు వెళ్లి తన మాట చెప్పింది. ఆ నెల దాటకుండానే ఆమె కార్యక్రమం ఆగిపోయింది. మూడు నెలల ముచ్చట! ఇతరుల కార్యక్రమానికి అతిథిగా వచ్చి పాడి వెళితే చప్పట్లు కొడతారు. వేదికే ఆమెదైతే, ఆమె నోరు విప్పితే, సహించరు. ఈ తేడాను మనం గుర్తుపెట్టుకోవాలి.

ఇంగ్లండులో మరీ విచిత్రం. 1958 నుంచి 1978 దాకా, ఇరవై ఏళ్లు, తెల్లవాళ్లు మొహాలకు నల్లరంగు పూసుకుని నల్లవాళ్లుగా పాడే కార్యక్రమం అక్కడి ప్రభుత్వ టీవీలో నడిచింది. నల్లవాళ్ల వేషం ఉంది, నల్లవాళ్లు లేరు. ఇది వింటే మనకేం గుర్తొస్తుంది? మన నాటకం గుర్తురావాలి. సత్యభామ ఉంది, చిత్రాంగి ఉంది, కట్టేది మాత్రం మగవాడు. స్థానం నరసింహారావు గారు మహానటుడు, కాదనను. ఆయన ప్రతిభ ఆయనదే. కానీ ఆడదాని వేషం ఉండి ఆడది లేని వేదికను మన పెద్దలు ఎన్నాళ్లు సహజమనుకున్నారో ఆలోచించండి.

దీన్ని ఎదిరించినవాళ్లూ మన సీమలోనే పుట్టారు. కడప జిల్లా సురభి గ్రామంలో 1885లో మొదలైన సురభి నాటక కుటుంబాల్లో ఆడవేషాలు ఆడవాళ్లే వేశారు. 1932లో వచ్చిన తొలి తెలుగు టాకీ 'భక్త ప్రహ్లాద'లో నటించిన సురభి కమలాబాయి ఆ ఇంటి బిడ్డే. మన తాడిపత్రిలో పుట్టిన బళ్లారి రాఘవ గారు ఆడవేషాలు ఆడవాళ్లే వేయాలని పట్టుబట్టి, చదువుకున్న స్త్రీలను నాటకరంగం మీదికి తెచ్చారు. 1940లలో ప్రజానాట్యమండలిలో మోటూరి ఉదయం గారు, ఆమె తోటివారు బుర్రకథ దళం కట్టి, భుజాన తంబురా వేసుకుని ఊరూరా చెప్పారు. కాబట్టి టీవీ వచ్చేనాటికే ఆడవాళ్లు వేదిక కోసం చాలా దూరం నడిచి వచ్చారు. టీవీ వాళ్లకు దానంగా ఇచ్చిందేమీ లేదు.

ఇక్కడ ఇంకో చేదు నిజం కూడా చెప్పుకోవాలి. వేదిక ఎక్కనివ్వని ఆడవాళ్లు కొందరైతే, పుట్టుకతోనే వేదిక ఎక్కించి దిగనివ్వని ఆడవాళ్లు ఇంకొందరు. మన జిల్లాలో బసివిని అన్నారు, తెలంగాణలో జోగిని అన్నారు. దేవుడి పేరు చెప్పి ఆడపిల్లను ఊరికి అప్పగించారు. జాతరలో ఆమె ఆడాలి. ఆడనని అనే హక్కు ఆమెకు లేదు. ఇలా అంకితం చేయడాన్ని నిషేధిస్తూ మన రాష్ట్రంలో 1988లో చట్టం వచ్చింది. రావలసిన చట్టమే. కానీ ఆ దురాచారం మిగిల్చిన బూతుమాట మాత్రం పోలేదు. ఈనాటికీ ఏ ఆడది గజ్జె కట్టినా, మైకు పట్టినా, ఊరి నోట మొదట వచ్చేది ఆ మాటే. దానికి భయపడే ఎందరో తల్లులు పాడే గొంతున్న ఆడపిల్లల నోరు నొక్కారు.

ఇలాంటి స్థితిలో టీవీ వచ్చింది. 1975 ఆగస్టు నుంచి 1976 జూలై వరకు, ఒక ఏడాదిపాటు, ఉపగ్రహం ద్వారా ఆరు రాష్ట్రాల్లో 2400 గ్రామాలకు టీవీ చూపించిన ప్రయోగంలో మన రాష్ట్రమూ ఉంది. హైదరాబాదు దూరదర్శన్ 1977 అక్టోబరు 23న మొదలైంది. ఆ ఏడు రాష్ట్రపతి పదవిలో ఉన్నది మన జిల్లా ఇల్లూరు బిడ్డ నీలం సంజీవరెడ్డి గారు. ఆయన ఢిల్లీ చేరినంత తొందరగా టీవీ మన పల్లెలకు చేరలేదు. అయినా వచ్చాక, ఆ కలగూరగంపలో ఒక మేలు జరిగింది. అంతకుముందు ఒకరి గడప ఒకరు తొక్కని కళలు పక్కపక్కన కనిపించాయి. సభల్లో పాడే సంగీత విదుషి తరవాతి నిమిషంలోనే కూలికి పోయే ఆడవాళ్ల పాట వచ్చింది. ఒకే ఛానలు కాబట్టి, వేరే దారి లేదు కాబట్టి, పెద్ద రైతు కూడా కుర్చీలో కూచుని ఆ పాట విన్నాడు. దీన్ని తక్కువ చేయను.

కానీ గంపలో పడటం వేరు, వాటా దక్కడం వేరు. దీనికి మా పెద్దమ్మ కథ చెబుతాను.

మా పెద్దమ్మ చదువుకోలేదు. వేరుశనగ చేలో కలుపు తీసేటప్పుడు పాట ఎత్తుకునేది ఆమే. సంక్రాంతికి గొబ్బి పాట ఆమె లేకపోతే మొదలయ్యేది కాదు. 1980ల చివర ఒక పండగ కార్యక్రమానికి పల్లె ఆడవాళ్ల పాట కావాలని ఒక టీవీ కేంద్రం నుంచి కబురొచ్చింది. ఏ కేంద్రమో ఇప్పుడు అనవసరం. ఊళ్లో నాలుగక్షరాలు తెలిసిన ఒక మగమనిషి కాగితం నింపి 'బృంద నాయకుడు' అయ్యాడు. ఆయనకు ఒక్క పాటా రాదు. ఎనిమిదిమంది ఆడవాళ్లు రాత్రి బస్సెక్కి పోయారు.

అక్కడ వాళ్లందరికీ ఒకే రంగు చీరలిచ్చారు. పాట ముప్పావుగంట ఉంటుంది, మూడు నిమిషాలకు కుదించమన్నారు. అందులో అత్త కొట్టిన దెబ్బలు చెప్పుకునే చరణం ఉంది. పండగపూట ఏడుపెందుకని అది తీసేయమన్నారు. ఆ చరణం కోసమే ఆడవాళ్లు ఆ పాట పాడుకుంటారని అక్కడెవరికీ తోచలేదు. గట్టిగా పాడే మా పెద్దమ్మ నల్లగా, వయసు మీరి ఉందని వెనక వరసకు పంపి, ఎర్రగా ఉన్న చిన్నపిల్లను ముందు నిలబెట్టారు. చివర ఒక కాగితం మీద అందరి చేతా వేలిముద్రలు వేయించారు. అందులో ఏముందో ఎవరూ చదివి చెప్పలేదు. చెక్కు నాయకుడి పేరున వచ్చింది. మా పెద్దమ్మకు దక్కింది బస్సు చార్జీ, రెండు పూటల అన్నం, ఇరవై రూపాయలు, ఆ చీర.

కార్యక్రమం వచ్చిన రోజు ఊరంతా పంచాయతీ ఆఫీసు దగ్గర చేరింది. టీవీలో పాడిన మనిషి కదా, ముందుకు రమ్మని ఎవరైనా పిలుస్తారేమోనని మా పెద్దమ్మ చూసింది. ఎవరూ పిలవలేదు. గోడవారన, మా అందరి వెనక నిలబడి చూసింది. తెర మీద కూడా వెనక వరసే. మూడు నిమిషాలు అయిపోయాయి. వీణ వాయించినామె పేరు వేశారు, మిమిక్రీ ఆయన పేరు వేశారు. మావాళ్ల కింద 'జానపద గీతం, ఫలానా బృందం' అని వేశారు. మా పెద్దమ్మ నా చెయ్యి పట్టుకుని, "నా మొగం కనపడిందా మే?" అని అడిగింది. కనపడిందని అబద్ధం చెప్పాను. ఆమె మొహం వెలిగిపోయింది. ఆ వెలుగును నేను ఇప్పటికీ మరిచిపోలేదు. ఆ అబద్ధాన్నీ మరిచిపోలేదు.

అక్కల్లారా, ఆమె సంతోషం నిజమైనదే. తన పాట నలుగురూ విన్నారన్న గర్వం నిజమైనదే. ఇంటికి పోయాక "ఊరి ముందర ఆడి వచ్చినావు" అని మా పెదనాయన ఎత్తిపొడిస్తే, "పాడి వచ్చినాను, దొంగతనం చేసి రాలేదు" అని ఎదురు చెప్పింది. అంతకుముందు ఆమె మాట ఎదురాడటం నేను చూడలేదు. ఆ మూడు నిమిషాలు ఆమెకు ఆ ధైర్యమిచ్చాయి. కానీ పేరు, డబ్బు, పాటలోని చరణం, ఈ మూడూ ఆమె నుంచి తీసుకున్నారు. అడగొచ్చని కూడా ఆమెకు తెలియదు.

ఇప్పుడు కాలం మారింది కదా అంటారు. 1995లో ఈటీవీ వచ్చింది, ఆ మరుసటేడు 'పాడుతా తీయగా' వచ్చింది, ఆ తరవాత లెక్కలేనన్ని పోటీలూ షోలూ వచ్చాయి. ఆడపిల్లలు పాడుతున్నారు, గెలుస్తున్నారు. మంచిదే. మరోవైపు 2013 నుంచి నడిచిన 'జబర్దస్త్' లాంటి కామెడీ షోలలో మగవాళ్లు చీర కట్టి ఆడవేషం వేయడం మళ్లీ మామూలైంది. ఆ వేషం వేసేవాళ్లు కూడా పొట్టకోసం తిప్పలు పడే కళాకారులే. వాళ్ల మీద నాకు కోపం లేదు. ఆ వేషాన్ని అడ్డంపెట్టుకుని ఆడదాని ఒంటి మీద, హిజ్రాల బతుకు మీద వేసే జోకుల మీదే నా కోపం. బళ్లారి రాఘవ గారి జిల్లాలో కూచుని ఇది చూస్తూ నవ్వుతున్నామంటే, మనం ఎటు పోతున్నామో ప్రశ్నించుకోవాలి.

ఇంకో మార్పు ఉంది. ఇప్పుడు టీవీ వాళ్లు రానక్కరలేదు. కోలాటం ఆడుతుంటే ఎవడో ఫోను పట్టుకుని తీస్తాడు, యూట్యూబులో పెడతాడు. లక్షమంది చూస్తారు. డబ్బు వాడికి. పాడినామెకు తెలిసేసరికి ఆరునెలలవుతుంది. కింద ఆమె మీద రాసిన బూతులు మాత్రం కూతురు చదివి చెబుతుంది.

దీనికి చట్టం ఏమంటుందో మీకు చెప్పాలి. కాపీరైటు చట్టం 1957 నాటిది. 1994లో దాన్ని సవరించి ప్రదర్శకుల హక్కు అని చేర్చారు. ప్రదర్శకులంటే ఎవరు? ఆ చట్టంలో రాసిన జాబితా వినండి. నటులు, గాయకులు, వాద్యకారులు, నర్తకులు, దొమ్మరి విద్య చేసేవాళ్లు, గారడీవాళ్లు, పాములాడించేవాళ్లు, ఉపన్యాసమిచ్చేవాళ్లు, ఇంకా ప్రదర్శన ఇచ్చే ఎవరైనా. చూశారా, మన కలగూరగంప మొత్తం చట్టంలో ఉంది! కర్ణాటక సంగీతానికి ఒక వరస, గొబ్బి పాటకు ఇంకో వరస అని చట్టం పెట్టలేదు. మీ ఒప్పుకోలు లేకుండా మీ ప్రదర్శనను రికార్డు చేసి వ్యాపారానికి వాడుకునే హక్కు ఎవరికీ లేదు. ఈ హక్కు 50 ఏళ్లు ఉంటుంది. 2012లో మళ్లీ సవరించి, ప్రదర్శకురాలి పేరు చెప్పాలని, ఆమె పరువు పోయేలా ప్రదర్శనను వక్రీకరించకూడదని, వ్యాపారానికి వాడితే రాయల్టీ ఇవ్వాలని చేర్చారు. మా పెద్దమ్మ వేలిముద్ర వేసిన రోజున ఈ చట్టం లేదు. ఈరోజు మీకు ఉంది. అందుకే వేలిముద్ర వేసేముందు కాగితం చదివించుకోండి.

రెండోది, వేదిక కూడా పనిచేసే చోటే. 2013లో వచ్చిన లైంగిక వేధింపుల నిరోధక చట్టం అసంఘటిత రంగానికి కూడా వర్తిస్తుంది. జాతరలో ఆర్కెస్ట్రాలో పాడే అమ్మాయిని నిర్వాహకుడు వేధిస్తే, ఆ ట్రూపులో పదిమంది లేకపోయినా సరే, జిల్లాలో ఉండే స్థానిక కమిటీకి మూడునెలల్లోపు ఫిర్యాదు చేయవచ్చు. రాయడం రాకపోతే రాసిపెట్టే బాధ్యత కూడా కమిటీదే.

మూడోది, అన్నిటికన్నా పెద్దది. 1995 ఫిబ్రవరిలో సుప్రీంకోర్టు ఒక తీర్పులో, గాలిలో సాగే ప్రసార తరంగాలు ప్రజల ఆస్తి అని చెప్పింది. ప్రభుత్వం సొత్తూ కాదు, కంపెనీల సొత్తూ కాదు. చెరువు ఎలాగో, పోరంబోకు ఎలాగో, ఇదీ అలాగే ఊరుమ్మడి. ఊరుమ్మడి చెరువులో నీళ్లు ముంచుకోవడానికి మనం ఎవరినీ బతిమాలం. అలాంటప్పుడు టీవీలో కనిపించడాన్ని ఎవరో చేసిన ఉపకారమని ఎందుకు అనుకోవాలి?

చివరగా చేయవలసిన పనులు చెప్పి ముగిస్తాను. మన మండలంలో పాడే, ఆడే, కథ చెప్పే ఆడవాళ్ల పేర్లు, వాళ్లకు వచ్చిన పాటలు మనమే ఒక పుస్తకంలో రాసి పెట్టుకుందాం. ఎవరు కార్యక్రమానికి పిలిచినా బృందానికి నాయకురాలు పాడే మనిషే అయ్యుండాలి. డబ్బు ఎవరి వాటా వాళ్ల ఖాతాలో పడాలి. ప్రతి ఒక్కరి పేరూ తెర మీద పడాలి, లేదా మైకులో చదవాలి. బట్టలు మార్చుకోవడానికి గది, మరుగుదొడ్డి, రాత్రి ఇల్లు చేర్చే బండి ఏర్పాటు చేస్తేనే వస్తామని ముందే చెప్పాలి. పాటలో ఒక చరణం తీసేయమంటే ఎందుకని అడగాలి. ఆడటం ఇష్టం లేని పిల్లను ఆడమనకూడదు, ఆడాలనుకున్న పిల్లను ఆపకూడదు. వాన లేని ఏడు జాతర ఖర్చు తగ్గించాలనుకుంటే, మొదట కోత పెట్టేది ఆటగాళ్ల సంభావనకే. అలా జరగనివ్వమని గ్రామసభలో మనం లేచి చెప్పాలి.

మా పెద్దమ్మ ఇప్పుడు లేదు. ఆ టేపు ఎక్కడుందో నాకు తెలియదు. బహుశా ఎప్పుడో చెరిపేసి ఉంటారు. వాళ్లు తీసేయమన్న ఆ చరణం మాత్రం నాకు వచ్చు. సభ అయ్యాక వేపచెట్టు కింద కూచుందాం. నేను పాడతాను, మీకు తెలిసినవి మీరు కలపండి. ఈసారి ఎవరూ ప్రహరీ బయట నిలబడొద్దు.